చూసినవాళ్ళే మొయ్యాలన్న స్ప్రింగన్న

మా వీధిలో ఎవరింట్లో లెట్రిన్ జామైనా ముందు గుర్తొచ్చేది స్ప్రింగన్న. ఆ తర్వాతే దేవుడు. నవ్వులాటకి అనడం లేదు. నీళ్ళు పొయ్యకపోతే దిగదు, పోస్తే పైకొస్తుంది. ఇంట్లో ఒకరు పొట్ట పట్టుకుని, ఇంకొకరు ముక్కు పట్టుకుని నిలబడి ఉంటారు. అలాంటప్పుడు గేటు దగ్గర "ఎవరమ్మా లోపల, రావచ్చా?" అని ఆయన గొంతు వినబడితే ఎంత నిమ్మళంగా ఉంటుందో, ఆ అవస్థ పడ్డవాళ్ళకే తెలుస్తుంది.

ఆ పేరు ఆయన భుజం మీదుండే చుట్ట వల్ల వచ్చింది. వేలంత లావు స్ప్రింగు, ఒక కొసకి కొక్కెం, ఇంకో కొసకి తిప్పడానికి పిడి. అంతకుముందు పరుపుల కార్ఖానాలో స్ప్రింగులు చుట్టే పని చేసేవాడట. కార్ఖానా మూసేసిన రోజు, ఉత్తచేతులతో ఇంటికి పోవడం ఇష్టం లేక, మూల పడున్న పొడుగాటి స్ప్రింగొకటి అడిగి తెచ్చుకున్నాడట. దాన్ని ఒళ్ళో పెట్టుకుని దిగులుగా కూర్చునేవాడట. ఆ వారమే వాళ్ళ వంటింటి సింకు జామైంది. వాళ్ళావిడ చూసీ చూసీ, "ఆ చుట్ట ఒళ్ళో పెట్టుకుని జోకొట్టకపోతే ఆ గొట్టంలో పెట్టి పొడవరాదూ!" అందట. పొడిచాడు. నీళ్ళు గడగడమని దిగిపోయాయి. పక్కింటివాళ్ళు పిలిచారు, వాళ్ళ పక్కవాళ్ళు పిలిచారు. "నాకు పని నేర్పింది ఎవరూ కాదమ్మా, మా ఆవిడ తిట్టిన తిట్టే" అంటాడు ఇప్పటికీ.

మనిషి పొట్టి. మోచేతుల దాకా గ్లౌజులు, మోకాళ్ళ దాకా రబ్బరు బూట్లు. సంచిలో తన సబ్బు, తన తువ్వాలు తనే తెచ్చుకుంటాడు. గుంతలో మాత్రం ఎంత బతిమాలినా దిగడు. "నా స్ప్రింగు దిగుతుంది, నేను దిగను. నేను సాయంత్రం ఇంటికి పోవాలి" అంటాడు.

అన్నిటికంటే విచిత్రం ఆయన బక్కెట్టు. మూతున్న బక్కెట్టు. అడుగున రంపపు పొట్టు పోసి తెస్తాడు. గొట్టంలోంచి ఏది లాగినా నేరుగా దాంట్లో పడాలి, పైన ఇంకో గుప్పెడు పొట్టు, వెంటనే మూత. ఎవరైనా మెడ సాగదీసి తొంగిచూడబోయారనుకోండి, ఒకటే మాట. "చూడండి, పర్లేదు. కానీ చూసినవాళ్ళే మొయ్యాలి." అంటే వీధి చివర చెత్తబండి దాకా ఆ బక్కెట్టు వాళ్ళే పట్టుకెళ్ళాలన్నమాట. ఆ మాటతో ఎంత ఆరాటం ఉన్నవాళ్ళకైనా ఆరాటం చల్లారిపోతుంది.

నేనొకసారి అడిగాను. "ఏంటన్నా ఈ రూలు?"

"చూస్తే మాట్లాడుకుంటారు. మాట్లాడుకుంటే పోట్లాడుకుంటారు. మీరంతా పోట్లాడుకుంటే నా భోజనం లేటవుతుందమ్మా."

అంతే చెప్పాడు. నేనూ నవ్వి ఊరుకున్నాను. ఆ రూలు మా ఇంటిని ఎంత కాపాడిందో చెప్పాలనే ఇదంతా మొదలుపెట్టాను.

మేముండే ఇంట్లో మూడు కుటుంబాలు. పై అంతస్తులో ఓనర్ గారు. మధ్యలో మేము, అంటే నేను, మా ఆయన, మా మామయ్య. మా ఆయన వ్యాను తోలతాడు, ఇంట్లో ఉండేదే తక్కువ. నేను ఇంట్లోనే మిషను కుడతాను, ఎక్కువగా కర్టెన్లు, దిండు గలీబులు. కింది వాటాలో పిన్ని. మాకేమీ చుట్టం కాదు, అందరూ పిన్ని అంటారు కాబట్టి మేమూ అంటాం. పిన్ని నోరు తెరిస్తే వీధి చివరి దుకాణంలోకి కూడా వినబడుతుంది. కానీ పాపం ఆవిడ బాధ ఆవిడది. ముగ్గురి నీళ్ళూ పోయేది ఒకటే లైను. అది ఎక్కడ జామైనా, పైన ఎవరు ఏది పోసినా, తేలేది కింద ఆవిడ బాత్‌రూమ్‌లోనే.

మొదటిసారి జామైనప్పుడు స్ప్రింగన్న పెరట్లో మురుగు గొట్టం వచ్చి పడే చాంబరు మూత తీసి, స్ప్రింగు తోసి, బక్కెట్టు నింపి, మమ్మల్నందరినీ నిలబెట్టి ఒక్కొక్కరినీ అడిగాడు. నా వంతు వచ్చింది.

"మూకుడు ఎలా కడుగుతారమ్మా?"

"శుభ్రంగానే కడుగుతానన్నా! నూనె మిగిలితే సలసల కాగే నీళ్ళు, సబ్బుపొడి కలిపి సింకులో పోసేస్తా. జిడ్డన్నదే ఉండదు."

"మీ సింకులో ఉండదమ్మా. వేడికి కరిగి బయల్దేరుతుంది, నాలుగు బారలు పోయాక చల్లారి అక్కడ కూర్చుంటుంది. మీరు రోజూ పంపిందంతా పిన్నిగారి గుమ్మం కింద గడ్డకట్టింది."

పిన్ని నడుం మీద చేతులు పెట్టుకుంది. "విన్నావా కోడలుపిల్లా! పంపితే పంపావు, తినేదేదైనా పంపకపోయావా?"

"మీది కూడా ఉంది పిన్నిగారూ. జుట్టు" అన్నాడు స్ప్రింగన్న. "జిడ్డు పేరుకున్నచోట జుట్టు చుట్టుకుంటుంది. రెండూ కలిసి తాడు పేనినట్టు పేనుకుంటాయి."

అప్పట్నుంచి మా ఇంట్లో పద్ధతులు మారాయి. మూకుడులో మిగిలిన నూనె చల్లారాక పాత కాగితంతో తుడిచి చెత్తలో వేస్తున్నా. సింకులో జాలీ పెట్టాను, మెతుకు కూడా దిగదు. పిన్ని బాత్‌రూమ్ తూముకి జల్లెడలాంటిది బిగించి, తల స్నానం అయ్యాక జుట్టు ఏరి పారేస్తోంది. ఓనర్ గారు కూడా లెట్రిన్‌లో సిగరెట్ పీకలు వెయ్యడం మానేశానని ఒట్టేశారు. అప్పుడప్పుడూ చాంబరు మూత తీసి నీళ్ళు నడుస్తున్నాయో నిలబడ్డాయో చూడమన్నాడు స్ప్రింగన్న. నిలబడితే వెంటనే కబురు పెట్టాలి, పొంగేదాకా ఆగకూడదు. అదీ చూస్తున్నాం.

అయినా రెండోసారి జామైంది. ఈసారి పిన్ని ఊరుకోలేదు. "నేను వెంట్రుక వెంట్రుకా ఏరుతున్నా. నువ్వు కాగితాలతో తుడుస్తున్నావు. ఆయన పీకలు మానేశాడు. మరి గొట్టానికి ఏం రోగం? ఎవరో ఏదో వేస్తున్నారు. తేలాల్సిందే!"

ఓనర్ గారు మెట్ల మీద నిలబడి తీర్పు చెప్పారు. "ఇంకొక్కసారి జామైతే ఊరుకోను. ఎవరి వాటాలోంచి వచ్చిందో తేలుస్తా. తేలినవాళ్ళు ఖాళీ చెయ్యాలి. అంతే."

మా మామయ్య ఈ వయసులో కొత్త ఇంటికి మారడమా? మెట్లు, వీధి, చెక్కబల్ల మీద చదరంగం ఆడే ఇద్దరు స్నేహితులు, అన్నీ ఆయనకిక్కడే అలవాటు.

మామయ్య గురించి చెప్పాలి. బస్సు కండక్టరుగా చేసి రిటైరయ్యారు. ఇంట్లో ఉన్నా ఇస్త్రీ చొక్కానే. జేబులో దువ్వెన. గంట కొట్టినట్టు మాట్లాడతారు. నేను కాపురానికొచ్చిన కొత్తలో వంటింట్లో తచ్చాడుతుంటే, "ముందుకు జరగాలమ్మా, ముందుకు! వెనక ప్యాసింజర్లున్నారు" అని నవ్వించేవారు. అత్తయ్య పోయాక కూడా ఆ హుషారు తగ్గలేదు.

అలాంటి మనిషి ఈ మధ్య మారిపోయారు. పొద్దున్నే టీ ఇస్తే వద్దనేవారు. మంచినీళ్ళ గ్లాసు పక్కన పెడితే పెట్టినట్టే ఉండేది. బాత్‌రూమ్‌లోకెళ్ళి గడియ పెట్టుకుంటే బయటికి రారు. తన పాంట్లు తనే ఉతుక్కుంటున్నారు. "నేనున్నాగా మామయ్యా" అంటే, "నీ పని నువ్వు చూసుకోమ్మా" అని కసిరారు. అంతకుముందెన్నడూ ఆయన నన్ను కసరలేదు. చదరంగానికి కూడా వెళ్ళడం మానేశారు. నా మీద దేనికో కోపం వచ్చిందనుకున్నాను. ఏం తప్పు చేశానా అని మిషను ముందు కూర్చుని ముక్కు చీదుకున్న రోజులున్నాయి.

మా ఆయనకి చెబితే, "పెద్దతనం, చాదస్తం, పట్టించుకోకు" అన్నాడు. మగవాళ్ళ వైద్యం అంతే కదా, అన్ని రోగాలకీ ఒకటే మందు, పట్టించుకోకపోవడం.

ఒకనాడు మామయ్య మెట్ల మీద తూలి పడబోయారు. పట్టుకుని కూర్చోబెట్టాను. పెదాలు ఎండి చీలిపోయున్నాయి. "నీళ్ళు తాగండి మామయ్యా" అంటే గుక్కెడు తాగి గ్లాసు పక్కకి తోసేశారు. అప్పుడైనా నా బుర్ర వెలగలేదు.

ఇంకొకటి కూడా జరుగుతోంది, దాన్నీ నేను కలిపి చూసుకోలేదు. కర్టెన్లు కుట్టాక మిగిలిన పీలికలు మిషను కింద సంచిలో వేస్తాను. ఆ సంచి చిక్కిపోతోంది. మా ఆయన వ్యాను తుడవడానికి పట్టుకుపోతున్నాడనుకున్నా.

సరే, మూడోసారి రానే వచ్చింది. ఆదివారం పొద్దున, పిన్ని కేకతో వీధంతా లేచింది. ఆవిడ బాత్‌రూమ్‌లో మడమల దాకా మురికి నీళ్ళు. గోధుమరంగు నీళ్ళలో ఆవిడ చెప్పులు తేలుతున్నాయి. చీపురు పట్టుకుని గుమ్మంలో కూలబడింది. నిజం చెప్పాలంటే నాకు ఆవిడని చూసి ఏడుపొచ్చింది.

స్ప్రింగన్న వచ్చేలోగా ఓనర్ గారు కిందికి దిగారు. పెరట్లో చేతులు కట్టుకుని నిలబడ్డారు, పంచాయతీ పెద్దలాగా.

స్ప్రింగన్న చాంబరు మూత ఎత్తి చూశాడు. "చాంబరు ఎండిపోయుంది. అంటే అడ్డం ఇంటికీ చాంబరుకీ మధ్యలో ఉంది" అంటూ స్ప్రింగు లోపలికి తోశాడు. నా చేతికి నీళ్ళ పైపు ఇచ్చి పక్కన నిలబెట్టుకున్నాడు. పిడి తిప్పుతున్నాడు. ఒకచోట స్ప్రింగు ఆగింది. "మళ్ళీ ఇక్కడే" అని గొణిగాడు. ఇంకా తిప్పాడు, పట్టుకుంది. ఒక కాలు గోడకి తన్నిపెట్టి లాగాడు. కొక్కెం బయటికొచ్చింది. దానికి ఉండలా చుట్టుకుని గుడ్డ.

నీళ్ళు పడి కొంచెం బురద పోయింది. ఆకుపచ్చ గుడ్డ, మీద తెల్లపూలు.

నా చేతిలో పైపు అలాగే ఉండిపోయింది. ఆ గుడ్డ నాకు తెలుసు. కత్తెరతో కోసింది నేనే. ఆ తానుతోనే పిన్నికి దిండు గలీబులు, కిటికీ కర్టెన్లు కుట్టిచ్చాను. ఇప్పుడు కూడా ఆవిడ కిటికీకి అవే వేలాడుతున్నాయి. పీలికలు నా సంచిలో వేశాను. ఆ సంచి ఎందుకు చిక్కిపోతోందో, మంచినీళ్ళ గ్లాసు ఎందుకు నిండుగా ఉండిపోతోందో, ఆ గడియ, ఆ ఉతుకుడు, ఆ కసురుడు అన్నీ ఒక్కసారిగా అర్థమైపోయాయి. మామయ్య మూత్రం ఆపుకోలేకపోతున్నారు. పీలికలు మడిచి పెట్టుకుంటున్నారు. తడిసినవి ఎక్కడ పారెయ్యాలో తెలీక, నేను చూస్తానేమోనని లెట్రిన్‌లో వేసి నీళ్ళు పోసేస్తున్నారు.

తలెత్తి చూశాను. మామయ్య మా వరండా పిట్టగోడ పట్టుకుని నిలబడి ఉన్నారు. ఆ దూరం నుంచి ఆయనకి గుడ్డ కనబడిందో లేదో తెలీదు. నా మొహం కనబడుంటుంది. ఆయన మొహం సున్నం కొట్టినట్టయింది.

ఇల్లు ఖాళీ చెయ్యడం అప్పుడు నాకొక లెక్కలో కూడా లేదు. ఎక్కడో ఒకచోట ఇంకో ఇల్లు దొరుకుతుంది. కానీ ఈ విషయం పెరట్లో పదిమంది ముందు బయటపడితే ఆ మనిషి మళ్ళీ తలెత్తుకోలేడు.

అదృష్టం కొద్దీ పిన్ని అప్పుడు ఓనర్ గారితో వాదిస్తూ అటు తిరిగుంది. స్ప్రింగన్న నా మొహం చూశాడు. ఒక్క క్షణమే. గుడ్డని బక్కెట్లో వేశాడు, పొట్టు చల్లాడు, మూత నొక్కాడు. "పైపు ఆపకండమ్మా, నీళ్ళు పట్టండి" అన్నాడు, ఏమీ జరగనట్టు.

మూత చప్పుడికి పిన్ని తిరిగింది. "దొరికిందా? ఏంటది?"

"దొరికింది. పోయింది. ఇక నీళ్ళు నడుస్తాయి."

"ఏంటది అంటే చెప్పవేం?"

"చూడాలా పిన్నిగారూ? చూసినవాళ్ళే..."

"మోస్తా!" అంది పిన్ని. "మొయ్యనంటాననుకున్నావా? మూడుసార్లు నా ఇంట్లో పొంగింది. ఇల్లంతా నేను కడిగా. ఒక బక్కెట్టు మొయ్యలేనా? తియ్యి మూత!"

ఆ రూలు పెట్టాక అలా అన్న మనిషి ఆయనకి ఎదురైనట్టు లేదు. స్ప్రింగన్న బక్కెట్టు మీద చెయ్యి తియ్యలేదు.

ఓనర్ గారు, "చూడనివ్వవయ్యా, తేలిపోతుంది" అన్నారు.

వెనకాల మెట్ల మీద చెప్పుల చప్పుడు. మామయ్య దిగుతున్నారు. ఇస్త్రీ చొక్కా, దువ్విన తల. చేత్తో గోడ తడుముకుంటూ ఒక్కొక్క మెట్టే దిగుతున్నారు. ఆ మొహం చూస్తే నాకర్థమైంది, ఒప్పేసుకోవడానికే వస్తున్నారు. ఆయన దిగేలోపల ఏదో ఒకటి చెయ్యాలి. ఏం చెయ్యాలో తెలీక పైపు నీళ్ళన్నీ నా కాళ్ళ మీదే పోసుకుంటున్నాను.

పిన్ని స్ప్రింగన్న చెయ్యి పక్కకి తోసి మూత ఎత్తింది. పక్కనున్న పుల్లతో పొట్టు కదిపింది. వంగి చూసింది.

ఆవిడ చూపు తన కిటికీ కర్టెన్ మీదికి పోయింది. అక్కణ్ణుంచి నా మీదికి. నా మీంచి మెట్ల మీదికి. సగం మెట్ల మీద మామయ్య ఆగిపోయి ఉన్నారు.

పిన్ని మూత పెట్టేసింది. అరచేత్తో గట్టిగా నొక్కింది.

"ఛీ ఛీ! ఏముంది, అంతా జుట్టే!" అంది, వీధి చివరికి వినబడేట్టు.

"జుట్టా? ఎవరిది?" అన్నారు ఓనర్ గారు.

"జుట్టు మీద పేరు రాసుంటుందా ఏంటి ఓనర్ గారూ? మీది మాత్రం కాదు లెండి!"

ఓనర్ గారి చెయ్యి తనకి తెలీకుండానే బట్టతల మీదికి పోయింది. గోడ మీంచి చూస్తున్న పక్కింటివాళ్ళు పకపకా నవ్వారు. నేనూ నవ్వాను, ఏడుపూ వచ్చింది, రెండూ ఒకేసారి. మామయ్య మెట్టు మీద అలాగే కూర్చుండిపోయారు.

స్ప్రింగన్న స్ప్రింగు చుట్టుకుంటూ అందుకున్నాడు. "ఓనర్ గారూ, ఎవరి వాటా అని అడగకండి. గొట్టంలో పడ్డాక అన్నీ కలిసిపోతాయి. మూడుసార్లూ నా స్ప్రింగు ఒక్కచోటే తట్టుకుంది. అతుకు దగ్గర కట్టినవాళ్ళు సిమెంటు ముద్ద లోపలే వదిలేశారు. ఏది పోయినా దానికే తగులుకుంటుంది. మీరు ఎవరినైనా ఖాళీ చేయించాలంటే ఆ ముద్దని ఖాళీ చేయించండి. అక్కడ తవ్వి ఒక ముక్క గొట్టం మారిస్తే చాలు."

అది అబద్ధం కాదు. తర్వాత తవ్వినప్పుడు ముద్ద నిజంగానే ఉంది, పిడికిలంత. ఓనర్ గారు సణుక్కుంటూనే అయినా గొట్టం మార్పించారు.

పిన్ని బక్కెట్టు ఎత్తుకుని బయల్దేరింది. నేను ఎదురెళ్ళి, "పిన్నీ, ఇటివ్వు, నేను తీసుకెళ్తా" అన్నాను.

"చూసింది నేను. రూలు రూలే" అంది. గేటు దాటాక గొంతు తగ్గించింది, ఆవిడకి గొంతు తగ్గించడం వచ్చని నాకు అప్పుడే తెలిసింది. "మా అమ్మకి ఆఖర్లో అన్నీ నేనే చేశానే. నాకు తెలీదా? నువ్వూ ఎక్కడా అనకు, నేనూ అనను. ఆయన్ని డాక్టరుకి చూపించు." రెండడుగులు వేసి ఆగింది. "అలాగని నీ వాషింగ్ మిషను నీళ్ళు నా వరండాలో కారితే ఊరుకుంటాననుకోకు!"

స్ప్రింగన్న తన సబ్బుతో చేతులు కడుక్కుని, బూట్లు విప్పి, "కండక్టర్ గారి దగ్గర కాసేపు కూర్చుంటానమ్మా" అని పైకొచ్చాడు. మామయ్య గదిలో ఇద్దరూ కూర్చున్నారు. టీ ఇచ్చి వచ్చేశాను. మా గదులకి మధ్యలో తలుపు లేదు, కర్టెనే. నేను వింటున్నానంటే వాళ్ళు నోరు విప్పరు. అందుకని మిషను ముందు కూర్చుని, దారం ఎక్కించకుండానే ఉత్త మిషను తొక్కాను. గడగడమని చప్పుడు. కాలు నొప్పెట్టి ఆగినప్పుడల్లా ఒక ముక్క వినబడేది.

"... బరువులెత్తీ ఎత్తీ నాకూ అదే వచ్చింది సార్. పనిలో ఉండగానే. ఊళ్ళో అందరి లైన్లూ బాగుచేస్తా, నా లైను నేను బాగుచేసుకోలేకపోయా. డాక్టరు దగ్గరికే పోవాల్సొచ్చింది."

తొక్కాను. ఆగాను.

"... నీళ్ళు మానేస్తే ఇంకా మంట సార్. మానకండి. మాత్రలున్నాయి. ప్యాడ్లున్నాయి, నేనిప్పుడు కూడా పెట్టుకునే ఉన్నా. కవర్లో చుట్టి చెత్తలో వేస్తే సరి. గొట్టానికి మాత్రం గుడ్డ పనికిరాదు. ప్యాడైనా, దూదైనా, ఏదైనా."

ఈసారి నేను తొక్కడమే మర్చిపోయాను. అప్పుడు వినబడింది, చాన్నాళ్ళకి, మామయ్య పాత గొంతు.

"ఏం చెప్పమంటావయ్యా. స్టాపు రాకముందే దిగిపోతున్నాడు ప్యాసింజరు. ఎంత విజిలేసినా ఆగడు!"

ఇద్దరూ ఒకరి మీద ఒకరు పడి నవ్వారు. నవ్వీ నవ్వీ స్ప్రింగన్న దగ్గాడు. నేను కళ్ళు తుడుచుకుని దారం ఎక్కించి నిజంగానే కుట్టడం మొదలుపెట్టాను.

పోయేటప్పుడు స్ప్రింగన్న నా దగ్గర ఆగాడు. ఆయన మామయ్య గురించి ఒక్క మాట అనలేదు. నేను అంటానేమోనని ముందే చెయ్యి అడ్డంపెట్టాడు. "ఈ వారం గొట్టం మీద కళ్ళుంచండమ్మా" అన్నాడు. "అన్నా..." అన్నాను. "మా ఆవిడ భోజనానికి చూస్తుంటుంది" అని చుట్ట భుజానేసుకుని వెళ్ళిపోయాడు.

రెండు రోజులు మామయ్య నా కళ్ళలోకి చూడలేదు. నేనూ అడగలేదు. మూడోనాడు పొద్దున మిషను పక్కకొచ్చి నిలబడ్డారు. జేబులోంచి దువ్వెన తీశారు, మళ్ళీ పెట్టుకున్నారు.

"అమ్మాయ్, నాతో ఆస్పత్రికి రావాలి. ఎందుకో తెలుసుగా నీకు."

"తెలుసు మామయ్యా."

"మా వాడికి చెప్పకు." గుమ్మం దాకా వెళ్ళి తిరిగొచ్చారు. "చెప్పు. పర్లేదు, చెప్పు. వాడికీ ముసలితనం వస్తుందిగా."

ఆటో పిలుస్తానంటే ఒప్పుకోలేదు. బస్సులోనే వెళ్దామన్నారు. ఆస్పత్రి దూరం. మధ్యలో ఏమవుతుందోనని నాకు లోపల బెదురుగానే ఉంది. బస్సెక్కగానే మామయ్య కూర్చోలేదు. తిన్నగా కండక్టరు దగ్గరికెళ్ళారు. వాడు మా ఆయన కంటే చిన్నవాడు, చెవి వెనక పెన్ను పెట్టుకుని ఉన్నాడు.

"బాబూ, నేనూ మీ డ్యూటీయే చేసినవాణ్ణి" అన్నారు మామయ్య, బస్సులో నాలుగు వరసల దాకా వినబడేట్టు. "నాకు బాత్‌రూమ్ ఆగదు. మధ్యలో చెబుతా, కాస్త ఆపించాలి."

నేను కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చున్నాను. ఎవరూ నవ్వలేదు. ముందు సీట్లో ఒకావిడ లేచి తలుపు పక్క సీటు ఖాళీ చేసింది. కండక్టరు, "కూర్చోండి పెద్దాయనా. ఎక్కడ చెబితే అక్కడ ఆపిస్తా" అని విజిలేశాడు.

మామయ్య కూర్చుని, నా చేతిసంచిలోంచి నీళ్ళ సీసా తీసుకుని గటగటా సగం తాగారు. రెండుసార్లు ఆపాల్సొచ్చింది. రెండుసార్లూ బస్సు ఆగింది.